నెమలి బెగోనియా

నెమలి బెగోనియా మలేసియా ద్వీపకల్పంలోని కామెరాన్ హైలాండ్స్ కొండ అడవుల్లో, పగలు కూడా చీకటిగా ఉండే చెట్ల నీడన పెరిగే చిన్న మొక్క. శాస్త్రీయ నామం బెగోనియా పావొనినా. లాటిన్‌లో ‘పావో’ అంటే నెమలి. ఆకు మీద నెమలి కంఠపు నీలం మెరుస్తుంది కాబట్టి ఆ పేరు వచ్చింది. నీలి పూలు మనకు కొత్త కాదు, శంఖుపుష్పం తీగ ఏ పెరట్లోనైనా కనిపిస్తుంది. నీలి ఆకు మాత్రం మొక్కల ప్రపంచంలో చాలా అరుదు. అంతకంటే విశేషం ఏమిటంటే, ఈ ఆకులో నీలి రంగు పదార్థమంటూ ఏదీ లేదు. ఆ నీలం ఎక్కడి నుంచి వస్తోందో, మొక్కకు దానితో ఏం పనో తేల్చడానికి శాస్త్రవేత్తలకు నూరేళ్లకు పైగా పట్టింది.

తెలుగు ఇళ్లలో రంగురంగుల ఆకులున్న ప్రతి మొక్కనూ క్రోటన్ అనేయడం అలవాటు. క్రోటన్ ఆకుల్లోని పసుపు, ఎరుపు రంగులు ఆకు కణాల్లో తయారయ్యే రంగు పదార్థాలు. ఎండ ఎంత తగిలితే అవి అంత నిగ్గు తేలతాయి. నెమలి బెగోనియా తీరు ఇందుకు పూర్తిగా వ్యతిరేకం. నీడ చిక్కబడే కొద్దీ దాని నీలం చిక్కబడుతుంది. తీసుకెళ్లి వెలుతురులో పెడితే కొత్తగా వచ్చే ఆకులు మామూలు ఆకుపచ్చకు తిరుగుతాయి.

ఆకు, మొక్క

అడవిలో ఈ మొక్క పక్కనే నడిచి వెళ్లినా చాలామందికి నీలం కనిపించదు. పక్కవాటుగా చూస్తే అది ముదురు ఆకుపచ్చ ఆకే. టార్చిలైటును కంటి పక్కన పట్టుకుని, వెలుగు సూటిగా ఆకు మీద పడేలా వేస్తే మాత్రం ఆకంతా ఒక్కసారిగా నీలంగా వెలుగుతుంది. చేతిని కాస్త పక్కకు జరిపితే ఆ నీలం జారిపోయి మళ్లీ పచ్చదనమే మిగులుతుంది. ఫ్లాష్ వేసి తీసిన ఫొటోల్లో ఆకులు నమ్మలేనంత నీలంగా కనిపించేది ఇందుకే. వాటిని చూసి ముచ్చటపడి మొక్క తెప్పించుకున్నవాళ్లు, కుండీలో పచ్చటి ఆకులు చూసి మోసపోయామనుకోవడం కద్దు. మోసం ఏమీ లేదు, వెలుగు పడే కోణమే వేరు.

ఆకు ఆకారం చాలా బెగోనియాల మాదిరే ఒంటివాటం. నడిమి ఈనెకు ఒక పక్క వెడల్పుగా, ఇంకో పక్క కురచగా ఉంటుంది. అడుగు భాగం ఎరుపు తిరిగి ఉంటుంది. ఈ జాతి మొక్కల్లో మగ పూలు, ఆడ పూలు వేరువేరుగా ఒకే మొక్కకు పూస్తాయి. కాయకు రెక్కలుంటాయి. లోపలి గింజలు పొడిలా ఉంటాయి, ఊదితే ఎగిరిపోయేంత సన్నం. ఆకు రసం పుల్లన, కారణం ఆక్జాలిక్ ఆమ్లం.

పేరు వెనుక మనుషులు

బెగోనియా అనే పేరు 17వ శతాబ్దం చివరిది. కరీబియన్ దీవుల్లో మొక్కలు సేకరించిన ఫ్రెంచి సన్యాసి చార్లెస్ ప్లూమియే, తనకు అండగా నిలిచిన ఫ్రెంచి అధికారి మిషెల్ బెగాన్ పేరును ఈ ప్రజాతికి పెట్టాడు. మన గుడి ఆవరణల్లో కనిపించే దేవగన్నేరుకు శాస్త్రీయ నామం ప్లుమేరియా. ఆ పేరు ఈ ప్లూమియేదే. 1753లో లిన్నేయస్ బెగోనియా పేరును ఖాయం చేశాడు. నేటికి ఇందులో 2000కు పైగా జాతులు లెక్కతేలాయి. పూల మొక్కల్లో ఇంతకంటే పెద్ద ప్రజాతులు వేళ్ల మీద లెక్కపెట్టేన్ని.

పావొనినా అన్న రెండో మాట తెలుగువారి చెట్టుకూ ఉంది. ఎర్రటి గింజలతో పిల్లలు ఆడుకునే బండి గురివెంద శాస్త్రీయ నామం అడెనాంతెరా పావొనినా. ఆ చెట్టుకు, ఈ మొక్కకు చుట్టరికం ఏమీ లేదు, పేరు పెట్టిన ఇద్దరికీ నెమలే గుర్తొచ్చింది.

నెమలి బెగోనియాకు ఆ పేరు పెట్టినవాడు హెన్రీ నికొలస్ రిడ్లీ. తెలోం, బాటాంగ్ పదాంగ్ లోయల మొక్కల మీద 1909లో వెలువరించిన వ్యాసంలో దీన్ని కొత్త జాతిగా వర్ణించాడు. 1888 నుంచి రెండు దశాబ్దాలకు పైగా సింగపూర్ బొటానిక్ గార్డెన్స్‌ను నడిపిన ఈయన, మలయా ద్వీపకల్పపు మొక్కలన్నిటినీ 5 సంపుటాల్లో గ్రంథస్థం చేశాడు. 1855లో పుట్టి 1956లో, నూరేళ్లు నిండిన తర్వాత కన్నుమూశాడు.

రిడ్లీని లోకం గుర్తుపెట్టుకున్నది మాత్రం బెగోనియాలతో కాదు, రబ్బరుతో. బ్రెజిల్ నుంచి 1876లో లండన్ చేరిన రబ్బరు గింజల సంతతిలో 22 మొక్కలు మరుసటి ఏడాది సింగపూర్ వచ్చాయి. చెట్టు చావకుండా, బెరడు మీద చేపముల్లు ఆకారంలో గాట్లు పెట్టి ఏళ్ల తరబడి పాలు తీసే పద్ధతిని రిడ్లీయే రూపొందించాడు. జేబు నిండా గింజలు పోసుకుని కనిపించిన ప్రతి తోట యజమానికీ నాటమని చెప్పేవాడు. పిచ్చి రిడ్లీ అని నవ్వినవాళ్లే తర్వాత రబ్బరు తోటలు వేశారు. ఆ తోటల్లో, కొబ్బరి తోటల్లో పనికి విశాఖపట్నం, శ్రీకాకుళం వైపు నుంచి వేలాది తెలుగు కుటుంబాలు ఓడలెక్కి మలయా వెళ్లాయి. వాళ్ల వారసులు పేరాక్ రాష్ట్రంలో ఇప్పటికీ తెలుగు మాట్లాడుతున్నారు. నెమలి బెగోనియా పెరిగే కామెరాన్ కొండలు పేరాక్ సరిహద్దులో, పహాంగ్ రాష్ట్రంలో ఉన్నాయి. ఒక వృక్షశాస్త్రవేత్త ఒక చేత్తో ఈ చిన్న మొక్కకు పేరు పెట్టాడు, ఇంకో చేత్తో ఒక దేశపు జనాభానే మార్చిన చెట్టును నాటించాడు. చరిత్ర పుస్తకాలు ఈ రెండిటినీ ఒకచోట చెప్పవు. తెలుగు పాఠకులకైనా కలిపి చెప్పుకోవాలి.

ఆకు అందం కోసం బెగోనియా పెంచడం అప్పటికే ఐరోపాలో పెద్ద మోజు. దానికి మూలం మన అస్సాం. అక్కడి నుంచి వెళ్లిన బెగోనియా రెక్స్‌ను బెల్జియంకు చెందిన జూల్ పుట్జేస్ 1857లో వర్ణించాడు. ఇవాళ నర్సరీల్లో వెండి చారలతో, వంకాయ రంగుతో కనిపించే రెక్స్ బెగోనియాలన్నీ దాని సంకరాలే. వాటి వెండి మచ్చలకూ రంగు పదార్థం కారణం కాదు, ఆకు పొరల మధ్య ఉన్న గాలి ఖాళీలు. తేమ అడవి మొక్క ఇంట్లో బతకాలంటే అద్దాల పెట్టె కావాలి. మూసిన గాజుపాత్రలో మొక్క తన తేమతో తానే బతుకుతుందని లండన్ వైద్యుడు నథానియల్ వార్డ్ 1829లో గమనించాడు. ఆ పెట్టెలే ఓడల మీద మొక్కల్ని ఖండాలు దాటించాయి. ఇప్పటి టెర్రేరియంలకు తాత అదే.

అద్దకం లేని నీలం

నీలం అనగానే తెలుగువారికి తోచేది నీలిమందు. కడప, నెల్లూరు ప్రాంతాల్లో ఒకప్పుడు నీలిమందు పంట విరివిగా సాగేది. ఆ మొక్క ఆకు పచ్చగానే ఉంటుంది. కోసి, తొట్టిలో నానబెట్టి, పులిసిన నీటిని కర్రలతో చిలికితే గాలి తగిలి నీలం తేలుతుంది. నెమలి బెగోనియా దీనికి సరిగ్గా తలకిందులు. చూడ్డానికి ఆకు నీలం, నలిపితే చేతికంటేది పచ్చటి రసమే. ఎన్ని ఆకులు నానబెట్టినా ఒక్క నూలుపోగుకు నీలం పట్టదు.

నెమలి ఈకకూ ఇదే గుణం. 1665లో అచ్చయిన తన సూక్ష్మదర్శిని గ్రంథంలో రాబర్ట్ హుక్, నెమలి ఈకను తడిపితే ఆ రంగులు పోతాయని రాశాడు. అసలు రంగే అయితే తడికి పోకూడదు కదా. వెలుగు తరంగం పల్చటి పొర పైఅంచు నుంచి కొంత, కింది అంచు నుంచి కొంత వెనక్కి తిరిగి వస్తుంది. ఆ రెండూ కలిసినప్పుడు కొన్ని రంగులు బలపడతాయి, కొన్ని ఒకదాన్నొకటి రద్దు చేసుకుంటాయి. దీన్నే వ్యతికరణం అంటారు. సబ్బు బుడగ మీద, వాన పడ్డ రోడ్డు మీద ఒలికిన నూనె మీద తిరుగాడే రంగులు ఇవే.

మన దేశంలో ఈ అంశాన్ని పట్టించుకున్నవాడు సర్ సి.వి. రామన్. 1934లో పక్షుల ఈకల రంగుల మీద ఆయన రాసిన వ్యాసానికి వస్తువు పాలపిట్ట. దసరా రోజున చూస్తే శుభమని తెలుగువారు ఊరి బయటికి వెళ్లి మరీ వెతికే పక్షి, నేటి తెలంగాణ రాష్ట్ర పక్షి. దాని రెక్కల నీలం రంగు పదార్థం వల్ల కాదని, ఈక లోపలి నిర్మాణం వల్ల వస్తుందని ఆయన చర్చించాడు. పక్షుల విషయం అలా తేటపడుతున్నా, ఆకుల సంగతి మరో నలభై ఏళ్లు అలాగే ఉండిపోయింది.

కౌలాలంపూర్‌లో మొదలు

1970ల్లో అమెరికా వృక్షశాస్త్రవేత్త డేవిడ్ లీ కౌలాలంపూర్‌లోని మలయా విశ్వవిద్యాలయంలో పనిచేశాడు. అక్కడి అడవి నేలల మీద నీలంగా మెరిసే మొక్కలు ఒకటి కాదు, చాలా ఉన్నాయి. వాటిలో తేలిగ్గా దొరికేది సెలాజినెల్లా విల్డెనోవీ, పూలు పూయని ఫెర్న్ తరహా మొక్క. లీ, అతని సహచరుడు లౌరీ కలిసి దాని మీద 1975లో నేచర్ పత్రికలో వ్యాసం ప్రచురించారు. ఆకు పైచర్మంలోని పల్చటి పొరలే నీలానికి కారణమని తేల్చారు. ఆ ఆకు మీద ఒక నీటిబొట్టు వేస్తే బొట్టు పడ్డంత మేరా నీలం మాయమై పచ్చదనం కనిపిస్తుంది. ఆరగానే నీలం తిరిగి వస్తుంది. హుక్ నెమలి ఈకలో చూసింది ఇక్కడ ఆకు మీద కనబడింది.

లీ జీవితమంతా ఈ నీలాన్ని వదల్లేదు. 1991లో మళ్లీ నేచర్‌లోనే ఆయన రాసింది రుద్రాక్ష ప్రజాతి కాయల గురించి. మనం పూసలుగా ధరించేది లోపలి గింజను. చెట్టు మీద పండినప్పుడు దాని పైతొక్క నిగనిగలాడే నీలం. ఆ నీలంలోనూ రంగు పదార్థం లేదని, తొక్క కణాల్లోని పొరలే కాంతిని అలా తిప్పి పంపుతున్నాయని చూపించాడు. శివుడి కంటినీటి నుంచి పుట్టిందని చెప్పుకునే చెట్టు కాయలో ఇంత భౌతికశాస్త్రం దాగి ఉందని మన బడి పుస్తకాలు చెబితే ఎంత బాగుండును.

నెమలి బెగోనియా వంతు 1996లో వచ్చింది. కెవిన్ గౌల్డ్, లీ కలిసి మలేసియా అడవి నేలల నాలుగు నీలి మొక్కల్ని ఎలక్ట్రాన్ సూక్ష్మదర్శిని కింద పెట్టారు. రెండు ఫెర్న్‌లలో నీలం కణగోడల్లోని సెల్యులోజ్ పొరల నుంచి వస్తోంది. నెమలి బెగోనియాలో, ఫిల్లగాథిస్ అనే మరో మొక్కలో మాత్రం నీలానికి మూలం ఎవరూ ఊహించని చోట, హరితరేణువుల్లోనే ఉంది. ఎండను పట్టి ఆహారం వండే కణాంగాలే ఇక్కడ నీలాన్ని వెదజల్లుతున్నాయి. వీటికి ఇరిడోప్లాస్టులు అని పేరు. గ్రీకుల ఇంద్రధనుస్సు దేవత ఐరిస్ పేరు ఈ మాటలో ఉంది.

మామూలు హరితరేణువులో థైలకాయిడ్ అనే పల్చటి సంచులు నాణేల దొంతరల్లా, ఎక్కువ తక్కువలుగా పేర్చి ఉంటాయి. ఇరిడోప్లాస్టులో అలా కాదు. మూడు నాలుగు థైలకాయిడ్లు ఒక పొర, కాస్త ఎడం, మళ్లీ మూడు నాలుగు, మళ్లీ అంతే ఎడం. ఆత్రేయపురం పూతరేకు మడతల్ని అడ్డంగా కోసి చూసినట్టే ఉంటుంది, కాకపోతే ఇక్కడ ఎడం వెలుగు తరంగానికి కొలిచి పెట్టినంత కచ్చితం. పైగా ఇవి ఉండేది ఆకు పైచర్మంలో. చాలా మొక్కల్లో ఆ చర్మపు కణాలకు హరితరేణువులే ఉండవు, అవి కాపలాకు మాత్రమే. ఇక్కడ కాపలావాళ్లు కూడా పొయ్యి రాజేసుకుని కూర్చున్నారు.

బ్రిస్టల్ జవాబు

ఇంతవరకు తేలింది ‘ఎలా’ అన్నదే. ‘ఎందుకు’ అన్నది మిగిలింది. ఆకు నీలంగా ఉందంటే నీలి కాంతిని వెనక్కి పంపేస్తోందని అర్థం. పత్రహరితం బాగా వాడుకునే కాంతుల్లో నీలం ఒకటి. వెలుగు కరువులో బతికే మొక్క, చేతికందిన వెలుగును పారేసుకుంటుందా? ఆకలితో ఉన్నవాడు అన్నం పారబోయడు. కీటకాల్ని ఏమార్చడానికని, ఆకుల మధ్య నుంచి హఠాత్తుగా పడే ఎండ నుంచి కాపాడుకోవడానికని రకరకాల ఊహలు వచ్చాయి.

ఇంగ్లండులోని బ్రిస్టల్ విశ్వవిద్యాలయంలో హీథర్ విట్నీ బృందం, ఎసెక్స్ విశ్వవిద్యాలయం వారితో కలిసి 2016లో నేచర్ ప్లాంట్స్ పత్రికలో ఇచ్చిన జవాబు ఈ ప్రశ్నను తిరగేసింది. వాళ్లు నెమలి బెగోనియాతోబాటు దాని సంకర మొక్కనూ పరిశీలించారు. ఆ పొరల అమరిక నీలాన్ని వెనక్కి పంపుతూనే, ఆకుపచ్చ, ఎరుపు వైపు కాంతిని పొరల మధ్య కాస్సేపు నిలబెడుతుంది. పొరల్లో వెలుగు నెమ్మదిస్తుంది, నెమ్మదించిన వెలుగును పత్రహరితం ఎక్కువగా పట్టుకోగలుగుతుంది. మసక వెలుగులో ఇరిడోప్లాస్టుల కిరణజన్య సంయోగక్రియ సామర్థ్యం 5 నుంచి 10 శాతం మెరుగని వాళ్లు లెక్కగట్టారు.

ఎందుకు ఆకుపచ్చ కాంతినే ఎంచుకోవాలో తెలియాలంటే ఆ అడవి నేల మీద నిలబడి పైకి చూడాలి. పైనున్న చెట్లు ఒక అంతస్తు మీద ఇంకో అంతస్తుగా ఎండను వడగడతాయి. నీలాన్ని, ఎరుపును ముందే మింగేస్తాయి. నేల దాకా వచ్చే వెలుగు నూటికి ఒకటి రెండు పాళ్లు, అదీ పై ఆకులకు అక్కర్లేక మిగిలిన పచ్చటి వెలుగు. పొరుగింటి పెళ్లి విందులో అడుగు మిగిలిన అన్నాన్ని మెతుకు పోకుండా ఏరుకునే నేర్పు ఈ మొక్కది. ఆ వెలుగులో నీలం పాలు ఎలాగూ స్వల్పమే కాబట్టి దాన్ని వదిలేసుకుంటే పోయేది తక్కువ. మన కంటికి ఇంపైన ఆ రంగు, మొక్కకు అక్కరలేక తిరగ్గొట్టినది. దానికి కావలసిన వెలుగు లోపలే ఉండిపోయింది, మనకు కనిపించదు. నా దృష్టిలో ఈ మొక్క కథలో అన్నిటికంటే గొప్ప సంగతి ఇదే.

ఈ ఏర్పాటుకు మూల్యం ఉంది. ఎండ ఎక్కువైతే ఇరిడోప్లాస్టులు మామూలు హరితరేణువుల కంటే బాగా వెనకబడతాయి. అందుకే ఆకు లోపలి పొరల్లో మామూలు హరితరేణువులూ ఉన్నాయి, వెలుగు దొరికినప్పుడు వంట వాటిది. 2018లో తైవాన్ పరిశోధకులు ఇటువంటి పొరల హరితరేణువులు, బయటికి నీలంగా కనిపించనివాటితో సహా, చాలా బెగోనియాల్లో ఉన్నాయని చూపించారు. వాటికి లామెల్లోప్లాస్టులు అని మరో పేరు పెట్టారు. అంటే ఈ విద్య నెమలి బెగోనియా ఒక్కదాని సొత్తు కాదు, దానిలో అది కంటికి కనిపించేంత గాఢంగా ఉంది, అంతే.

పెంపకం, కొండల పరిస్థితి

మలేసియా ద్వీపకల్పపు బెగోనియాల మీద 2005లో రూత్ కియూ వెలువరించిన గ్రంథం ఈనాటికీ ప్రామాణికం. అందులో 50కి పైగా జాతులున్నాయి. వాటిలో చాలావాటి బతుకు ఒక కొండకో, ఒక లోయకో, ఒక సున్నపురాతి గుట్టకో పరిమితం. అలాంటి మొక్కకు ఆ కొండ పోతే ఇక లోకం లేదు. 1885లో ఆ ప్రాంతాన్ని సర్వే చేసిన విలియం కామెరాన్ పేరుతో ఉన్న ఈ కొండలు గత శతాబ్దంలో విడిది పట్టణాలుగా, తేయాకు తోటలుగా, ఆ తర్వాత కూరగాయల, స్ట్రాబెర్రీ తోటలుగా మారుతూ వచ్చాయి. ప్లాస్టిక్ కప్పుల పందిళ్ల కింద చదును చేసిన వాలుల్లో పెద్ద చెట్ల నీడ ఉండదు. ఈ మొక్కను గొడ్డలి తాకనక్కర్లేదు, మీది చెట్టును కొట్టేస్తే చాలు.

పెంచేవారికి ఇది ఓపిక పరీక్ష. 25 డిగ్రీలకు మించని చల్లదనం, ఎప్పుడూ తడిగా ఉండే గాలి, నీళ్లు నిలవని వదులు మట్టి కావాలి, సూటిగా ఎండ పడకూడదు. కడియం నర్సరీల్లో ఎండకు మెరిసే క్రోటన్ల పక్కన దీన్ని పెడితే మన మే నెల ఒక్కరోజు కూడా తట్టుకోదు. గాజుపెట్టెలో, ఏసీ గదిలో, మసక వెలుగులో పెంచినవారికే నీలం దక్కుతుంది. అయితే దీన్ని పెంచి పంచడం కష్టం కాదు. రణపాల ఆకు అంచున పిల్లలు పుట్టినట్టే, చాలా బెగోనియాల ఆకు ముక్కను ఈనె తెగేలా కోసి తడి ఇసుక మీద పరిస్తే కోసినచోట వేళ్లు, చిన్న మొక్కలు వస్తాయి. ఒక్క ఆరోగ్యమైన ఆకుంటే అడవిలోంచి ఇంకో మొక్క పెరకనక్కర్లేదు.

అందుకే అరుదైన మొక్కల సంతలో ఈ పేరు కనిపించినప్పుడు, ధర అడిగే ముందు అమ్మేవారిని ఒక్క మాట అడగండి: ఇది నర్సరీలో ఆకు నుంచి పెంచిందా, కొండ మీంచి తెచ్చిందా? కొండ మీంచి తెచ్చిందని తెలిస్తే కొనకండి.